నదులు లేని నేలమీద ఒక రోజు

పటం తీసి మెక్సికో దేశం చూడండి. ఆ దేశానికి తూర్పు కొసన, సముద్రంలోకి బొటనవేలులాగా పొడుచుకుపోయిన ద్వీపకల్పం ఒకటి కనిపిస్తుంది. దాని పేరు యుకతాన్. ఇప్పుడు దాని ఉత్తర భాగంలో నదులు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టండి. ఎంత వెతికినా ఒక్కటీ దొరకదు. పటం గీసినవాళ్ళు మరిచిపోయారనుకునేరు! అక్కడ నిజంగానే నదులు లేవు. వానాకాలంలో వాన మాత్రం కుండపోతగా కురుస్తుంది.

మరి ఆ నీరంతా ఎక్కడికి పోతుంది? నదే లేనిచోట, వెయ్యేళ్ళకు పూర్వం వేలాదిమంది కాపురమున్న మహానగరం ఎట్లా బతికింది? ఈ సంగతి కళ్ళారా చూద్దామని నేను ఒక రోజు ప్రయాణం పెట్టుకున్నాను. మీరూ నాతో రండి. టోపీ మరిచిపోకండి, అక్కడి ఎండ మన వైశాఖం ఎండను గుర్తుకు తెస్తుంది. తువాలు, స్నానానికి ఒక జత బట్టలు కూడా తెచ్చుకోండి.

మన ప్రయాణం మెరిడా నగరంలో మొదలవుతుంది. ఇది యుకతాన్ రాష్ట్రానికి ముఖ్యపట్టణం. 1542లో స్పెయిన్ వాళ్ళు పాత మాయా పట్టణం ఉన్న చోటనే, దాని రాళ్ళతోనే దీన్ని కట్టుకున్నారు. ఉదయం ఆరున్నరకు వాన్ వచ్చింది. గైడు యాభై ఏళ్ళ మనిషి. పొట్టివాడు, తలమీద గడ్డి టోపీ. ఆయన మా అందరి వంకా చూసి, "బిష్ ఆ బేల్?" అన్నాడు. ఎవరికీ అర్థం కాలేదు.

"ఇది మా మాయా భాష. మనిషి ఎదురైతే మేం ఇట్లాగే పలకరిస్తాం. 'నీ దారి ఎట్లా ఉంది?' అని దీని అర్థం. బాగుందని చెప్పాలంటే 'మాలోబ్' అనాలి," అన్నాడాయన.

అందరమూ "మాలోబ్" అన్నాం. వాన్ కదిలింది.

వెనక సీటులో తండ్రి పక్కన కూర్చున్న పదేళ్ళ కుర్రవాడు ఉండబట్టలేక, "మాయా వాళ్ళు ఎప్పుడో అంతరించిపోయారని మా పుస్తకంలో రాశారే!" అన్నాడు.

"అంతరించిపోతే ఈ వాన్ ఎవరు తోలుతున్నారు, బాబూ?" అన్నాడు గైడు. డ్రైవరు వెనక్కి తిరక్కుండానే చెయ్యి ఊపాడు.

ఒక మాట ఇక్కడే చెప్పాలి. మన భాషలో మాయ అన్న మాటకూ ఈ మాయా ప్రజల పేరుకూ ఏ సంబంధమూ లేదు. మన మయుడే అక్కడికి వెళ్ళి ఆ భవనాలు కట్టాడనేవాళ్ళు కొందరున్నారు. పేరు కలిసింది గదా అని అన్నమాటే తప్ప, దానికి ఆధారం లేదు. కట్టిన గొప్ప కట్టినవాళ్ళకే దక్కనివ్వాలి.

దారిలో గైడు తన చిన్నతనం సంగతి చెప్పాడు. ఆయన తల్లికి మాయా తప్ప మరో భాష రాదు. బడిలో మాత్రం ఆ భాష మాట్లాడితే పంతులు రోజంతా నిలబెట్టేవాడట. "ఇంట్లో ఒక నోరు, బడిలో ఒక నోరు," అన్నాడు. 2020 జనాభా లెక్కల ప్రకారం యుకతాన్ మాయా భాష మాట్లాడేవాళ్ళు ఏడు లక్షలకు పైగా ఉన్నారు. ఇప్పుడు ఆయన తన పిల్లలతో మాయాలో మాట్లాడితే వాళ్ళకు అర్థమవుతుంది గాని, జవాబు స్పానిష్‌లో చెబుతారట. ఆ మాట వింటుంటే నాకు మన ఇళ్ళు కొన్ని జ్ఞాపకం వచ్చాయి.

గంటన్నర ప్రయాణం చేసి చిచేన్ ఇట్సా చేరుకున్నాం. చి అంటే నోరు, చేన్ అంటే బావి. ఇట్సా అనేది ఒక తెగ పేరు. "ఇట్సా వాళ్ళ బావి ముంగిట" అని ఊరి పేరుకు అర్థం. చూశారా, పేరులోనే నీళ్ళున్నాయి!

ఈ నగరం సుమారు 800 నుంచి 1100 దాకా గొప్ప వైభవంతో వెలిగింది. రాజమహేంద్రవరంలో నన్నయ భారతం తెనిగించేనాటికి దీని వైభవం తగ్గుముఖం పట్టింది. చెట్ల నీడలోంచి బయటకు రాగానే పెద్ద మైదానం, దాని మధ్య మెట్లమెట్లుగా ఒక రాతి కొండ. దానిపేరు కుకుల్కాన్ ఆలయం. కుకుల్కాన్ అంటే ఈకలుగల సర్పదేవుడు. ఆలయం ఎత్తు సుమారు నూరడుగులు. దీన్ని కట్టినవాళ్ళకు ఇనుప పనిముట్లు లేవు. ఎద్దులు లేవు, గుర్రాలు లేవు, బండికి చక్రం లేదు. రాతితో రాతిని చెక్కి, మనుషులే మోసుకొచ్చి పేర్చారు.

నాలుగు పక్కలా నాలుగు మెట్లదారులు. ఒక్కొక్క దారికి 91 మెట్లు. మీరు లెక్క కట్టండి: నాలుగు తొంభై ఒకట్లు 364. పైన ఆలయం అరుగు మరొక్క మెట్టు. మొత్తం 365! అంటే ఇది గుడి మాత్రమే కాదు, రాతితో కట్టిన పంచాంగం. ఏటా మార్చిలోనూ సెప్టెంబరులోనూ పగలూ రాత్రీ సమానమయ్యే రోజుల్లో, సాయంత్రపు ఎండ ఈ మెట్ల పక్కగోడమీద వెలుగు ముక్కోణాలుగా పడుతుంది. ఆ ముక్కోణాల వరసకు అడుగున రాతి పాము తల ఉన్నది. దూరం నుంచి చూసేవాళ్ళకు వెలుగుపాము గుడిమీది నుంచి నేలకు జారివస్తున్నట్టే ఉంటుంది. మేం వెళ్ళింది ఆ రోజుల్లో కాదు గనక పామును చూడలేదు, తల మాత్రం చూశాం.

ఇదివరకు యాత్రికులు పైదాకా ఎక్కేవారు. ఇప్పుడు ఎక్కనివ్వరు. కాళ్ళ రాపిడికి మెట్లు అరిగిపోతాయి, జారిపడితే మనుషులకూ ప్రమాదమే. కాని కిందనుంచే ఒక వింత చూడవచ్చు, కాదు, వినవచ్చు. మెట్లకు ఎదురుగా నిలబడి గట్టిగా చప్పట్లు కొట్టండి. తిరిగివచ్చేది చప్పట్ల మోత కాదు, పక్షి కూత! కెత్సాల్ అనే పచ్చని పక్షి అట్లాగే కూస్తుంది. మెట్లు అనేకం గనక ప్రతి మెట్టూ ఒక ప్రతిధ్వని పంపుతుంది. కింది మెట్లనుంచి వచ్చేవి వెంటవెంటనే వస్తాయి. పైకి పోయినకొద్దీ కాస్త ఎడం పెరుగుతూ వస్తాయి. అన్నీ కలిసి, పైస్థాయిలో మొదలై కిందికి జారే కూతలాగా వినిపిస్తాయి. కావాలని అట్లా కట్టారా, అట్లా కుదిరిందా అని పండితులు వాదిస్తున్నారు. మా కుర్రవాడికి ఆ గొడవ పట్టలేదు. అరచేతులు కందేదాకా కొట్టాడు.

పక్కనే బంతి ఆట మైదానం. పొడుగు 168 మీటర్లు, వెడల్పు 70 మీటర్లు. అటూ ఇటూ ఎత్తయిన గోడలు, వాటికి మనిషికి అందనంత పైన రాతి ఉంగరాలు. బంతి రబ్బరుది, బరువైనది. చేత్తో పట్టరాదు, ముఖ్యంగా నడుముతోనే కొట్టాలి. గోడమీద ఆటగాళ్ళ బొమ్మలు చెక్కారు. అందులో ఒకడికి తల లేదు. మెడలోనుంచి నెత్తురు పాములై లేస్తున్నది. మన ఆటల్లాగా గెలిచినవాడికి కప్పు ఇచ్చి ఇంటికి పంపే వ్యవహారం కాదన్నమాట.

నాకు అన్నింటికన్నా నచ్చింది గుండ్రని మేడ ఒకటి. దాన్ని స్పానిష్‌లో కారకోల్ అంటారు, అంటే నత్త. లోపలి మెట్లు నత్తగుల్లలాగా చుట్టలు తిరిగి ఉన్నాయి. దాని గవాక్షాల్లోనుంచి మాయా జ్యోతిష్కులు శుక్రుణ్ణి గమనించేవారని పరిశోధకులు అంటారు. శుక్రుడు వేగుచుక్కగా కనిపించి, మళ్ళీ వేగుచుక్కగా రావటానికి సుమారు 584 రోజులు పడుతుంది. అట్లా అయిదుసార్లు అయితే 2,920 రోజులు. 365 రోజుల సంవత్సరాలు ఎనిమిదయినా అంతే! నమ్మకపోతే కాగితం మీద గుణించి చూడండి. దూరదర్శిని లేకుండా, ఒంటి కళ్ళతో, తరాల తరబడి చూసి ఈ లెక్క రాసిపెట్టారు.

వాళ్ళు అంకెలు రాసే పద్ధతి మీరు ఒక పూటలో నేర్చుకోవచ్చు. ఒక చుక్క అంటే ఒకటి. ఒక అడ్డగీత అంటే అయిదు. రెండు గీతలమీద మూడు చుక్కలు పెడితే పదమూడు. మనం పదులతో స్థానం మారుస్తాం, వాళ్ళు ఇరవైలతో మార్చేవారు. ఏమీ లేని స్థానంలో గుల్ల బొమ్మ వేసేవారు. అదే వాళ్ళ సున్న. మన దేశంలో 628లో బ్రహ్మగుప్తుడు సున్నతో లెక్కలు చేసే సూత్రాలు రాశాడు. మహాసముద్రాలకు అవతల, మన సంగతి ఏమీ తెలియకుండానే, మాయా వాళ్ళు సున్నను తమంతట తామే కనిపెట్టారు.

ఇవన్నీ వాళ్ళు పుస్తకాలుగా రాసుకున్నారు. చెట్టు పట్టనుంచి కాగితం చేసి, సున్నం పూత పూసి, రంగుల బొమ్మలు వేసి, మడతలు పెట్టేవారు. 1562లో దియేగో దె లాందా అనే స్పెయిన్ దేశపు మతాచార్యుడు మానీ అనే ఊళ్ళో ఆ పుస్తకాలు పోగుచేయించి తగలబెట్టించాడు. అవి దయ్యాల రాతలని ఆయన నమ్మకం. ఇవాళ మొత్తం ప్రపంచంలో మిగిలినవి నాలుగే నాలుగు.

వింత ఏమంటే, పుస్తకాలు కాల్చిన ఆ లాందాయే మాయా వాళ్ళ ఆచారాలన్నీ వివరంగా రాసిపెట్టాడు. ఒక మాయా పండితుణ్ణి పిలిచి, "మీ అక్షరాలు రాసి చూపించు," అని, తమ భాషలోని అక్షరాలు ఒక్కొక్కటీ పలికాడు. స్పానిష్‌లో బి అక్షరాన్ని "బే" అంటారు. మాయా భాషలో బే అంటే దారి. ఆ పండితుడు దారిమీద పాదం గుర్తు వేసి చూపించాడు! లాందా దాన్నే బి అక్షరమని రాసుకున్నాడు. ఆ పట్టిక తప్పుల తడక అని చాలాకాలం అందరూ తోసేశారు. 1952లో యూరీ క్నోరొజోవ్ అనే రష్యన్ పండితుడు, మెక్సికో గడ్డమీద కాలు పెట్టకుండానే, దానిలో కిటుకు పట్టేశాడు. అవి బి, సి వంటి అక్షరాలు కావు. మన గుణింతంలో బె, కు, క అన్నట్టుగా హల్లూ అచ్చూ కలిసిన ధ్వనులు. దానితో చిక్కుముడి వీడటం మొదలైంది. కాల్చినవాడి కాగితమే తాళంచెవి అయింది.

ఆలయం దగ్గరినుంచి ఒక వెల్లదారి ఉత్తరానికి పోతుంది. ఇటువంటి దారిని సాక్‌బే అంటారు. సాక్ అంటే తెలుపు. బే అంటే, మీకిప్పుడు తెలుసు. దారికి రెండు పక్కలా చుట్టుపక్కల పల్లెలవాళ్ళు కొయ్య ముసుగులు, బట్టలు అమ్ముతున్నారు. ఒకడు మట్టి ఈల ఊదితే పులి గర్జించినట్టయింది, నేను అదిరిపడ్డాను. మూడు వందల మీటర్లు నడిస్తే దారి ఒక మహా బిలం అంచున ఆగిపోతుంది.

అదే బలి బావి. అడ్డంగా సుమారు అరవై మీటర్లు. గోడలు నిట్టనిలువు. ఎంతో కింద పచ్చగా, కదలకుండా నీళ్ళు. వానదేవుడు చాక్ ఇందులో ఉంటాడని నమ్మి ఇట్సా వాళ్ళు పచ్చరాళ్ళు, బంగారం, సాంబ్రాణి వంటి ధూపం ముద్దలు ఇందులో వేసేవారు. మనుషులను కూడా వేశారు, వారిలో మీ వయసు పిల్లలున్నారు. 1904 మొదలుగా ఎడ్వర్డ్ థామ్సన్ అనే అమెరికన్ ఈ బావిని దేవించి, దొరికినవి చాలావరకు తన దేశానికి పంపేశాడు. వాటిలో కొన్ని 1970లో మెక్సికోకు తిరిగి వచ్చాయి.

ఈ బావికి దగ్గర్లో, నేలలోపలి తొట్టి ఒకదానిలో, 1967లో పిల్లల ఎముకలు బయటపడ్డాయి. 64 మంది ఎముకలను శాస్త్రజ్ఞులు పరీక్షించి 2024లో ఫలితాలు ప్రకటించారు. అందరూ మగపిల్లలే. వారిలో రెండు కవలల జంటలు కూడా ఉన్నాయి. ఆ ప్రాంతంలోని ఒక మాయా గ్రామస్థుల జీవకణాలతో పోల్చి చూస్తే, ఆ పిల్లలూ ఈ గ్రామస్థులూ ఒకే వంశధారకు చెందినవారని తేలింది. గైడు ఈ సంగతి చెప్పి టోపీ తీసి కాసేపు నిలబడ్డాడు. కుర్రవాడు చప్పట్లు మానేసి తండ్రి చెయ్యి పట్టుకున్నాడు.

మధ్యాహ్నం ఒక చెట్టుకింద భోజనం. మొక్కజొన్న రొట్టెలు, గోతిలో ఆకులు చుట్టి కాల్చిన మాంసం. మాంసం ఎర్రగా ఉన్నది. మనవైపు జాఫ్రా గింజలంటామే, ఆ రంగే. చివర సపోటా పళ్ళు పెట్టారు. "మా ఊళ్ళోనూ ఇవి ఉన్నాయి," అన్నాను నేను గర్వంగా. "ఇక్కడినుంచి పోయినవే," అన్నాడు గైడు. నిజమే, సపోటాకు పుట్టిల్లు ఈ ప్రాంతమే. మాయా వాళ్ళు దాని గట్టి కొయ్యను గుళ్ళ ద్వారబంధాలకు వాడారు. అవి వెయ్యేళ్ళుగా నిలిచి ఉన్నాయి.

ఇక నీళ్ళ సంగతి. వాన్ తూర్పుగా వయ్యదొలీద్ అనే ఊరివైపు పోయి, సములా అనే చోట ఆగింది. పైనుంచి చూస్తే ఏమీ లేదు, రాళ్ళ మధ్య ఇరుకైన మెట్లు. దిగుతూంటే చల్లగాలి ముఖానికి తగిలింది. మలుపు తిరిగేసరికి నోట మాట రాలేదు. నేలకింద పెద్ద రాతి మంటపం. కప్పుకు ఒక చిల్లి. ఆ చిల్లి పక్కన పైన నేలమీద ఉన్న చెట్టు వేళ్ళు మర్రి ఊడల్లాగా నీటిదాకా దిగివచ్చాయి. చిల్లిలోనుంచి ఎండ ఒక స్తంభంలాగా నీటిలోకి దిగింది. నీరు నీలం గాజులాగా ఉన్నది. ఇటువంటి బిలాలను మాయా భాషలో త్సోనోత్ అంటారు. స్పెయిన్ వాళ్ళ నోట అది సెనోతె అయింది. యుకతాన్‌లో ఇవి వేలకొద్దీ ఉన్నాయి.

ఇవెట్లా ఏర్పడ్డాయి? ఈ నేలంతా సున్నపురాయి. వాననీరు గాలిలోనూ మట్టిలోనూ ఉన్న బొగ్గుపులుసు వాయువును కలుపుకుని కాస్త పులుపు తేలుతుంది. ఆ నీరు సున్నపురాయిని లక్షల ఏళ్ళుగా కరిగించి గుహలు తొలుస్తుంది. నంద్యాల జిల్లాలో బెలుం గుహలు చూసినవాళ్ళకు ఇది తెలుసు; అవీ సున్నపురాతి గుహలే. ఇక్కడ గుహల కప్పు కూలినచోటల్లా సెనోతె తయారవుతుంది. అంటే నదులు లేవని నేను చెప్పింది పూర్తిగా నిజం కాదు. నదులు ఉన్నాయి, నేలకింద. మునిగి ఈదేవాళ్ళు దీపాలు పట్టుకుని కొలిచారు. 2018లో రెండు గుహల వరసలు ఒకటేనని తెలిసి, నీటిగుహ పొడుగు 347 కిలోమీటర్లని తేలింది!

మంచుయుగంలో సముద్రమట్టం నూరు మీటర్లకు పైగా తగ్గి ఉండేది. అప్పుడు ఈ గుహలు పొడిగా ఉండేవి. తూర్పుతీరాన నీట మునిగిన ఒక గుహలో 2007లో పదిహేను, పదహారేళ్ళ అమ్మాయి అస్థిపంజరం దొరికింది. సుమారు 13,000 ఏళ్ళ నాటిది. చీకట్లో దారి తప్పి గోతిలో పడిపోయి ఉంటుంది. దాహం వేసి నీళ్ళకోసం వెళ్ళిందేమో!

ఇంకా వెనక్కి పోతే మరో సంగతి. మెరిడా చుట్టుపక్కల సెనోతెలను పటంమీద చుక్కలు పెడితే అర్ధచంద్రాకారంగా ఒక వరస వస్తుంది. 6.6 కోట్ల ఏళ్ళ క్రితం ఆకాశంనుంచి కొండంత శిల పడి, రాక్షసబల్లుల కథ ముగిసిందని విన్నారు గదా? ఆ శిల పడింది ఇక్కడే. ఆ గొయ్యి అంచు పగుళ్ళ వెంటే ఈ బావుల వరస ఉన్నది.

కుర్రవాడు అప్పటికే చొక్కా విప్పేశాడు. ఎండకు పూసుకున్న నూనెతో ఒళ్ళంతా నిగనిగలాడుతున్నది. గైడు వాణ్ణి భుజం పట్టుకుని ఆపాడు.

"ముందు పైకి వెళ్ళి స్నానం చేసి రా, బాబూ."

"నీళ్ళలోకి దిగటానికి స్నానం ఎందుకండీ?"

"మా అమ్మ ఉండే పల్లె ఇక్కడికి ఎంతో దూరం లేదు. ఆవిడ బావిలో తోడుకునేది ఈ నీళ్ళే. అడుగున అంతా ఒకటే. ఇక్కడ కలిపింది అక్కడ తేలుతుంది."

కుర్రవాడు మాట్లాడకుండా మెట్లెక్కాడు. వాడి తండ్రీ ఎక్కాడు. నేనూ ఎక్కాను, నేనూ ఆ నూనె రాసుకున్నవాణ్ణే మరి. యాత్రికుల నూనె ఒక్కటే కాదు, సరైన మురుగుకాలవలు లేని ఊళ్ళ మురుగూ, పెద్ద పందుల పెంపకశాలల మురికీ ఈ సున్నపురాతి సందుల్లోనుంచి కిందికి దిగుతూ ఉంటుంది. పైన మట్టిపొర పలచన. నీటిని వడకట్టేది ఏమీ లేదు. ఈమధ్య వేసిన రైలుదారికి కొన్నిచోట్ల ఈ గుహలలోగుండా స్తంభాలు దించారు. దానిమీద అక్కడివాళ్ళలో పెద్ద వాదమే జరిగింది. రైలు వస్తే పనులు దొరుకుతాయన్నవాళ్ళూ ఉన్నారు, నీళ్ళు పోతే పనులెందుకన్నవాళ్ళూ ఉన్నారు.

నాకు ఈత అంతంతమాత్రం. తేలే చొక్కా తొడిగి, నిచ్చెన మెల్లగా దిగాను. నీరు ఏడాది పొడుగునా 25 డిగ్రీల దగ్గర ఉంటుందంటారు గాని, ఎండలో తిరిగివచ్చిన ఒంటికి ఒక్కసారిగా జిల్లుమన్నది. చిన్న చిన్న చేపలు వచ్చి పాదాలకు కితకితలు పెట్టాయి. వెల్లకిలా తేలుతూ చూస్తే పైన చిల్లిలో ఆకాశం రూపాయి బిళ్ళంత కనిపించింది. అంతలో పొడుగుతోక నీలిపక్షి ఒకటి ఆ వెలుతురులోనుంచి దూరి వచ్చి రాతిగోడలో గూట్లోకి పోయింది. దాన్ని తో అంటారు. పూర్వం అడవిలో దాహంతో తిరిగేవాడు ఈ పక్షి ఎగిరే చోటు చూసి, దగ్గర్లో సెనోతె ఉన్నదని తెలుసుకునేవాడట.

కుర్రవాడు గట్టున నిలబడిపోయాడు. కిందికి చూస్తున్నాడు. పొద్దున్నే చూసిన ఆ పచ్చని బావి వాడి మనసులో ఉన్నదని నేననుకుంటాను. గైడు వాడి పక్కన కూర్చుని నీళ్ళలో కాళ్ళు పెట్టాడు. ఇద్దరూ చాలాసేపు ఏదో మాట్లాడుకున్నారు. నాకు వినపడలేదు. తరవాత కుర్రవాడు ముక్కు మూసుకుని ఒక్క దూకు దూకాడు. ఆ చప్పుడు మంటపమంతా తిరిగి వచ్చింది. ఈసారి పక్షికూతలాగా లేదు, ఉరుములాగా ఉన్నది.

తిరిగి వచ్చేటప్పటికి చీకటి పడింది. అందరూ నిద్రపోయారు. మెరిడా దీపాలు కనపడుతూండగా వెనక సీటులోనుంచి, "బిష్ ఆ బేల్?" అని చిన్న గొంతు వినిపించింది.

"మాలోబ్," అన్నారు గైడూ డ్రైవరూ ఒక్కసారే.